నా నొప్పినీ నా నడుమునూ కూడా నమ్మినవారికి కృతజ్ఞతలు

గత పదకొండు నెలల్లో నన్ను మళ్ళీ మామూలు మనిషిని చేసిన కొద్దిమందికి ఫోనులోనూ ఎదుటపడినప్పుడూ కృతజ్ఞతలు చెప్పుకున్నాను కానీ, అది నాకు సరిపోయినట్టు అనిపించలేదు. నేను కోలుకున్నానని తెలిసినవారందరూ ఏ మందు వాడారు, ఎవరు ఆపరేషను చేశారు అని అడుగుతున్నారు. ఆపరేషను జరగలేదు, మందు పాత్ర చాలా చిన్నది అని చెబితే నమ్మలేకపోతున్నారు. అందుకే జరిగినదంతా వివరంగా రాస్తూ, ఎవరికి ఎందుకు రుణపడి ఉన్నానో అందరి ముందూ చెప్పుకోవాలనుకుంటున్నాను.

నేను భీమవరానికి దగ్గరలోని ఒక జిల్లా పరిషత్ ఉన్నత పాఠశాలలో తెలుగు ఉపాధ్యాయుడిని. వయసు నలభై తొమ్మిది. కరోనా సెలవుల తరువాత 2021 ఆగస్టు 16న బడులు తెరిచినప్పుడు, తరగతి గది శుభ్రం చేయిస్తూ పుస్తకాల ఇనుప బీరువాను ఒక పక్కకు జరపబోయాను, నడుము పట్టేసింది. అలా కండరం పట్టేస్తే సాధారణంగా కొద్ది వారాల్లో సర్దుకుంటుంది. నాకు దసరాకు తగ్గలేదు, సంక్రాంతికీ తగ్గలేదు. ఎమ్మారై తీయిస్తే నడుము కింది భాగంలో ఎల్4, ఎల్5 అనే వెన్నుపూసల మధ్య మెత్తటి దిండులా ఉండే డిస్కు ఉబ్బిందనీ, దాని కింది డిస్కు ఎండిపోతున్నదనీ రిపోర్టు వచ్చింది. దానిని చూసిన ఒక నిపుణుడు నా వెన్నెముక డెబ్బై ఏళ్ళ మనిషి వెన్నెముకలా ఉన్నదని, ఇక మీదట వంగవద్దని, బరువెత్తవద్దని, కింద కూర్చోవద్దని చెప్పారు. ఆ మాటలను నేను అక్షరాలా పాటించాను. బడికి బెల్టు కట్టుకుని వెళ్ళాను, చెక్కబల్ల మీద పడుకున్నాను, మోటారు సైకిలు మానేశాను. మా అక్క కూతురి పెళ్ళిలో పెళ్ళికూతురి బుట్ట పట్టవలసిన మేనమామను నేను. ఆ బుట్టను వేరొకరు మోసుకుంటూ నా కుర్చీ పక్క నుంచే మండపానికి వెళ్ళారు. పిల్ల నా వైపు తల తిప్పి చూసింది, నేను తల దించుకున్నాను.

నొప్పి తగ్గకపోగా పెరిగింది. చివరికి దుప్పటి అంచు నడుముకు రాసుకున్నా మంట పుట్టేది. అప్పుడు చూపించుకున్న మరొక వైద్యులు, రిపోర్టులో అంత పెద్ద లోపమేమీ లేదని, ఇదంతా నా మనసులోనే ఉన్నదని చెప్పి పంపించేశారు. ఆ రాత్రి నేను ఎంత కుంగిపోయానో నా భార్యకు మాత్రమే తెలుసు. మొదటివారు నా నడుమును నమ్మలేదు, రెండవవారు నా నొప్పిని నమ్మలేదు.

నా మొదటి కృతజ్ఞతలు మా పాఠశాల జీవశాస్త్రం టీచరు గారికి. వార్షికోత్సవం కోసం పిల్లల చేత పద్యనాటకం వేయిస్తూ నేను వరుసగా రెండు మూడు గంటలు నిలబడి ఉన్న రోజుల్లో ఒకసారి కూడా నడుము మీద చెయ్యి వేసుకోలేదని, తనిఖీ అధికారులు వస్తారన్న రోజున మాత్రం పొద్దుటి నుంచే వంగిపోయి నడుస్తానని ఆమె గమనించారు. ఈ మాటే మరొకరు అని ఉంటే నాకు నిందలా తగిలేది. ఆమె నన్ను ఒంటరిగా స్టాఫు రూములో కూర్చోబెట్టి, "మాస్టారూ, మీరు నటిస్తున్నారని కాదు. డిస్కే కారణమైతే దానికి తనిఖీ ఎప్పుడో, రిహార్సలు ఎప్పుడో ఎలా తెలుస్తుంది?" అని అడిగారు. ఆ ప్రశ్నకు నా దగ్గర సమాధానం లేదు. విజయవాడలో నొప్పికే ప్రత్యేకంగా వైద్యం చేసే డాక్టరమ్మ గారి చిరునామా ఇచ్చిందీ ఆమెయే.

డాక్టరమ్మ గారికి ఎలా కృతజ్ఞత చెప్పుకోవాలో నాకు ఇప్పటికీ తెలియదు. 2024 జూలైలో మొదటిసారి వెళ్ళినప్పుడు ఆవిడ ముప్పావు గంట సేపు నా మాట విన్నారు. రిపోర్టు కవరును విప్పకుండా పక్కన పెట్టి ముందు నన్ను పరీక్షించారు. మూత్రవిసర్జన, మలవిసర్జన మీద పట్టు తప్పుతోందా, తొడల మధ్య తిమ్మిరి ఉందా, కాలు బలహీనపడిందా, జ్వరం, కారణం లేకుండా బరువు తగ్గడం, గతంలో క్యాన్సరు వంటివి ఏమైనా ఉన్నాయా అని ఒక్కొక్కటే అడిగారు. వీటిలో ఏ ఒక్కటి ఉన్నా తాను చెప్పబోయే మాట వర్తించదని, వెంటనే వేరే పరీక్షలు, వేరే చికిత్స కావాలని గట్టిగా చెప్పారు. ఇది చదివేవారిలో నడుము నొప్పి ఉన్నవారు దయచేసి ఈ ఒక్క విషయాన్ని దాటవేయవద్దు. మోకాళ్ళ మీద సుత్తితో కొట్టి, పాదాల స్పర్శ చూసి, బొటనవేళ్ళ బలం చూసి, ఏ నరమూ నలగలేదని నిర్ధారించుకున్న తరువాతే ఆవిడ ఫిల్ము వెలుగులో పెట్టారు.

అప్పుడు ఆవిడ చెప్పిన లెక్క నా జీవితంలో పెద్ద మలుపు. నొప్పి అంటూ ఏమీ లేని 3,110 మంది వెన్నెముక చిత్రాలను కలిపి చూసిన ఒక సమీక్ష 2015లో వచ్చిందట. ఇరవై ఏళ్ళవారిలోనే నూటికి 37 మందికి డిస్కు అరుగుదల, 30 మందికి డిస్కు ఉబ్బు కనిపించాయి. యాభై ఏళ్ళవారిలో అవి 80, 60. అంటే నా వయసువారిలో హాయిగా తిరిగేవారికి కూడా సగానికి పైగా ఇటువంటి రిపోర్టే వస్తుంది. జుట్టు నెరవడం ఎటువంటిదో ఇదీ అటువంటిదేనని ఆవిడ అన్నారు. మూడేళ్ళుగా నేను ఏ కాగితాన్ని తీర్పుగా భావించి బతికానో, అది నా వయసును మాత్రమే చెబుతున్నదని ఆ గదిలో తెలిసింది.

మరి నొప్పి ఎక్కడి నుంచి వస్తున్నట్టు? ఆవిడ తమ తాతగారి జొన్నచేను కథ చెప్పారు. మంచె మీద కావలివాడు ఉంటాడు. ఒక రాత్రి నిజంగానే అడవి పందులు పడి చేను తొక్కేస్తాయి. మరునాటి నుంచి వాడికి కంటి మీద కునుకు ఉండదు. గాలికి ఆకు కదిలినా, ఎలుక పరుగెత్తినా డబ్బా మోగిస్తాడు. పందులు పోయి నెలలు గడిచినా ఊరంతటికీ నిద్ర ఉండదు. వాడు అబద్ధాలకోరు కాదు, వాడి భయం నిజం, డబ్బా చప్పుడూ నిజమే, చేలో మాత్రం పంది లేదు. శరీరంలో ఆ కావలి పనిని వెన్నుపాము, మెదడు చేస్తాయి. నాడుల చివరల నుంచి వచ్చేవి ప్రమాద సూచనలు మాత్రమే. వాటిని నొప్పిగా మార్చాలా, ఎంత నొప్పిగా మార్చాలి అన్నది పైన తేలుతుంది. వెన్నుపాములో ఆ సూచనలను హెచ్చించే, తగ్గించే ఒక ద్వారం వంటిది ఉంటుందని రొనాల్డ్ మెల్జాక్, పాట్రిక్ వాల్ 1965లోనే ప్రతిపాదించారు. 1983లో క్లిఫర్డ్ వూల్ఫ్ ఎలుకల మీద ప్రయోగాలు చేసి, గాయం తరువాత వెన్నుపాములోని నాడీకణాలే అతిసున్నితంగా మారి చిన్న స్పర్శకు కూడా పెద్దగా స్పందిస్తాయని చూపించారు. దుప్పటి అంచు నన్ను ఎందుకు కాల్చిందో మూడేళ్ళ తరువాత అర్థమయింది. దీనికి తోడు, నొప్పిని అణచడానికి మెదడు నుంచి కిందికి దిగే సహజమైన ఏర్పాటు ఒకటి ఉంటుందని, నిద్రలేమి, దిగులు, భయం దానిని బలహీనపరుస్తాయని ఆవిడ వివరించారు. తనిఖీ రోజున వంగిపోయిన నడుము, పద్యం పాడించేటప్పుడు నిటారుగా నిలబడటానికి కారణం అదేనన్నమాట.

నాకు ఇంకా అనుమానం తీరలేదని గ్రహించి ఆవిడ మరొక ఉదంతం చెప్పారు. 1995లో బ్రిటన్ వైద్య పత్రిక ఒకటి దానిని ప్రచురించింది. భవన నిర్మాణంలో పనిచేసే ఇరవై తొమ్మిదేళ్ళ యువకుడు పదిహేను సెంటీమీటర్ల మేకు మీదికి దూకాడు. మేకు బూటును చీల్చుకుని పైకి వచ్చింది. కొంచెం కదిలించినా కేకలు పెడుతుంటే బలమైన మత్తుమందులు ఇచ్చి మేకు తీశారు. బూటు విప్పి చూస్తే మేకు రెండు వేళ్ళ మధ్య నుంచి వెళ్ళింది, పాదానికి గీత కూడా పడలేదు. అతని కేకలు నటన కావు. కళ్ళు చూసినదాన్ని బట్టి మెదడు ప్రమాదం అనుకున్నది, నొప్పిని పుట్టించింది.

తెలుగువాడిగా నాకు వెంటనే తాడును చూసి పాము అనుకునే రజ్జుసర్ప న్యాయం గుర్తుకు వచ్చింది. కానీ ఆ పోలికను ఇక్కడ పూర్తిగా వాడవద్దని నా మనవి. మన ఇళ్ళలో ఆ మాట అనగానే "అయితే అంతా భ్రమేగా" అనేస్తారు. పాము భ్రమే కావచ్చు, పట్టిన చెమట భ్రమ కాదు. ప్రపంచ నొప్పి అధ్యయన సంఘం 2020లో సవరించిన నిర్వచనం కూడా నొప్పి అంటే కణజాలం దెబ్బతిన్నప్పుడు కలిగే బాధ మాత్రమే కాదని, దానిని పోలిన బాధ కూడా నొప్పేనని, ఎవరైనా నొప్పి అని చెబితే దానిని గౌరవించాలని అంటుంది. కణజాలం దెబ్బతిన్న దాఖలా గానీ, నాడీవ్యవస్థకు వ్యాధి సోకిన దాఖలా గానీ లేకుండా, నొప్పిని గ్రహించే తీరు మారడం వల్లనే వచ్చే ఈ రకానికి ఆ సంఘం 2017లో నోసిప్లాస్టిక్ నొప్పి అని ప్రత్యేకమైన పేరు కూడా పెట్టింది. నా బాధకు ఒక పేరున్నదని తెలిసిన రోజున, బస్సులో ఇంటికి వస్తూ నేను ఏడ్చాను.

చికిత్స గురించి చెప్పాలంటే ఫిజియోథెరపీ చేసిన కుర్రవాడి గురించి చెప్పాలి. కావలివాడిని కొట్టీ తిట్టీ లాభం లేదని, లాంతరు పట్టుకుని చేనంతా తిప్పి ఇది గాలి, ఇది ఎలుక అని రోజూ చూపించాలని డాక్టరమ్మ గారు అన్న మాటను చేసి చూపించింది అతనే. మొదటి రోజున ఏడు నిమిషాల నడక, అంతే. ఎనిమిదో నిమిషం నడవగలిగినా నడవనివ్వలేదు. నొప్పి ఎక్కువైన రోజునా ఏడు నిమిషాలే, తక్కువైన రోజునా ఏడు నిమిషాలే. వారానికి కొద్దిగా పెంచుతూ దీపావళి నాటికి అరగంటకు తెచ్చాడు. తరువాత ఒక నాడు ప్లాస్టిక్ బకెట్టు తెచ్చి నా ముందు పెట్టాడు. ఖాళీ బకెట్టే. దాని పిడికి చెయ్యి తగలక ముందే నా నడుము బిగుసుకుపోయింది, ఊపిరి ఆగిపోయింది. "సార్, బరువు ఇంకా ఎత్తలేదు కదా, నొప్పి ఎందుకు వచ్చింది?" అని అతను మెల్లగా అడిగాడు. ఆ క్షణంలో నాకు పాఠం మొత్తం ఒంటికి పట్టింది. ఊపిరి వదులుతూ ఎత్తమన్నాడు. ఎత్తాను. మరుసటి వారం ఒక చెంబు నీళ్ళు పోశాడు, ఆపై వారం రెండు చెంబులు. సంక్రాంతికి ముందు నిండు బకెట్టు ఎత్తి మా పెరట్లో బంతి మొక్కలకు పోశాను. అంత ఓపిక నా కన్నబిడ్డ దగ్గర కూడా నేను ఆశించను.

రాత్రిపూట వేసుకోమని చిన్న మోతాదులో ఒక మాత్ర ఇచ్చారు. అది పిచ్చివాళ్ళకు ఇచ్చే మందని మందుల దుకాణంలో ఎవరో అంటే, ఇంటికి తెచ్చి వారం రోజులు బీరువాలో దాచాను. నా భార్య స్వయంగా డాక్టరమ్మ గారికి ఫోను చేసి, పెద్ద మోతాదులో దిగులు జబ్బుకు వాడే ఆ మందు చిన్న మోతాదులో నొప్పి నాడుల మీద పనిచేస్తుందని, నిద్ర కూడా పట్టిస్తుందని తెలుసుకుని, నా చేత వేయించింది. అయిదు నెలల తరువాత వైద్యుల సలహాతోనే నెమ్మదిగా మానేశాను. "ఎలా ఉంది నొప్పి?" అని రోజుకు పదిసార్లు అడిగే అలవాటును కూడా ఆమె నా కోసం మానుకుంది. ఆ ప్రశ్న అడగకుండా ఉండటానికి ఆమె ఎంత కష్టపడిందో నాకు తెలుసు, ఆ ప్రేమకు నమస్కరిస్తున్నాను.

ఇదంతా ఒక్క నా అనుభవమే అయితే ఇంత ధైర్యంగా రాసేవాడిని కాదు. అమెరికాలోని కొలరాడోలో దీర్ఘకాలపు నడుము నొప్పి ఉన్న 151 మంది మీద జరిపిన పరిశోధన 2021లో వెలువడింది. నొప్పి ప్రమాద సూచన కాదని మెదడుకు తిరిగి నేర్పే చికిత్సను నాలుగు వారాలు తీసుకున్న 50 మందిలో 33 మందికి నొప్పి పూర్తిగానో దాదాపుగానో పోయింది. మామూలు చికిత్స కొనసాగించినవారిలో అలా జరిగింది నూటికి పది మందికే. అయితే అది ఒక్క పరిశోధన, అందరికీ అంతే జరుగుతుందని నేను అనను. నాకే ఇప్పటికీ నొప్పి పూర్తిగా పోలేదు. ఫిబ్రవరిలో మా అమ్మ ఆసుపత్రిలో ఉన్న పది రోజులూ నడుము తిరగబెట్టింది. కానీ ఈసారి స్కానింగుకు పరుగెత్తలేదు. డబ్బా మోగుతున్నదని అనుకుని, నడక తగ్గించకుండా, అమ్మ దగ్గర కూర్చున్నాను. ఆమె ఇంటికి వచ్చిన వారానికి అదీ సర్దుకుంది.

చివరగా నా విద్యార్థులకు. ఈ మూడేళ్ళలో నా చేతిలోని సుద్దముక్క కింద పడితే మొదటి బెంచీ పిల్లవాడు లేచి తీసి ఇచ్చేవాడు. నేను ఎన్నడూ అడగలేదు. ఒక ఏడాది పిల్లలు పై తరగతికి వెళ్ళేటప్పుడు తరువాతివారికి ఆ పని అప్పగించి వెళ్ళారని చాలా ఆలస్యంగా తెలిసింది. ఈ జూన్‌లో బడి తెరిచిన మొదటి వారం, ఛందస్సు చెబుతూ గురువు లఘువు గుర్తులు వేస్తుండగా సుద్దముక్క జారి బల్ల కిందికి దొర్లింది. తొమ్మిదో తరగతి పిల్లవాడు అలవాటుగా లేచాడు. "కూర్చో నాన్నా, నేను తీసుకుంటాను" అని చెప్పి, మోకాళ్ళు వంచి, బల్ల కిందికి వంగి, దానిని తీసుకున్నాను. వాడు కూర్చోలేదు. నేను లేచి నిలబడేదాకా చెయ్యి కొంచెం ముందుకు చాచి అలాగే నిలబడి ఉన్నాడు.