'పతిభక్తి' రీళ్లను వెతికించండి: కేంద్ర సమాచార, ప్రసార శాఖ మంత్రివర్యులకు బహిరంగ లేఖ

అయ్యా,

నమస్కారం. 1922లో కలకత్తా మదన్ థియేటర్స్ తీసిన మూకీ 'పతిభక్తి' గురించే మళ్లీ రాస్తున్నాం. ముందు పంపిన అర్జీలకు జవాబు లేదు. అందుకే ఈసారి అందరి ముందూ అడుగుతున్నాం.

జె.జె. మదన్ దర్శకత్వం, లీలావతి పాత్రలో నటి పేషెన్స్ కూపర్. భర్తే దైవమని చెప్పే ఆ కథను నేటివాళ్లు మెచ్చాలని మా కోరిక కాదు. పాతివ్రత్యం బోధించే ఆ చిత్రంలోనే ఒక నృత్యం అశ్లీలంగా ఉందని, తీసేయమని మద్రాసు సెన్సారు పట్టుబట్టింది. ఆ నృత్యంలో ఏముందో చూసి తేల్చుకుందామంటే ఆ చిత్రపు ప్రతి ఎక్కడుంది? దేశంలో తీసిన సుమారు 1300 మూకీల్లో మిగిలినవి ముప్పై అటూఇటుగా. అవీ చాలావరకు తునకలే.

ఎక్కడో పాత ఇంటి అటక మీద ఒక ఫిల్ము డబ్బా ఉందనుకోండి. ఆ కాలపు సినిమాలు తీసిన నైట్రేట్ ఫిల్ము పాతబడేకొద్దీ ఆమ్లపు ఆవిరి వదులుతుంది. మూత బిగించి ఉంటే ఆ ఆవిరి లోపలే తిరిగి ఫిల్మునే తింటుంది. మొదట బొమ్మ వెలిసిపోతుంది, తర్వాత చుట్లు జిగురెక్కి అతుక్కుంటాయి, బుడగలొస్తాయి, చివరికి గోధుమరంగు పొడి. పాడైన రీలు 40 డిగ్రీలు దాటిన వేడిలో చాలాసేపు ఉంటే తనంతట తానే అంటుకోగలదు. మన మే నెల ఎండలు తెలియనివా? మండేందుకు కావలసిన ఆక్సిజన్ దానిలోనే ఉంది కాబట్టి నీళ్లు పోసినా ఆరదు. 2003 జనవరిలో పుణేలో పాత సినిమాల నైట్రేట్ రీళ్ల నిల్వ తగలబడినప్పుడు ఏం పోయిందో మీకు చెప్పక్కర్లేదు.

అలాంటి డబ్బా దొరికినవాళ్లు ఎవరికి ఫోన్ చేయాలి? మామూలు పార్సిల్‌లా పంపే సరుకు కాదది. ప్రొజెక్టర్‌కు ఎక్కిస్తే, కుంచించుకుపోయిన ఫిల్ము అంచున ఉండే రంధ్రాల దగ్గర చిరిగిపోతుంది. అతుక్కున్న చుట్లను లాగితే బొమ్మ ఊడి వస్తుంది. తెలిసిన మనిషి వచ్చి చల్లని పెట్టెలో తీసుకెళ్లాలి. ఆ మనిషి ఎవరో చెప్పండి, దయచేసి.

విదేశాల్లోనూ వెతికించండి. మదన్‌వారి 'బిల్వమంగళ్' (1919) 594 మీటర్ల మేర పారిస్ ఫిల్మ్ ఆర్కైవ్‌లో దొరికి 2016లో మనకు చేరింది కదా! మదన్ సంస్థకు ఇటలీవాళ్లతో పొత్తు ఉండేది, బర్మా, సిలోన్‌లలో హాళ్లుండేవి. రోమ్, రంగూన్, కొలంబోలకు మీ శాఖ తరఫున ఉత్తరాలు వెళ్లాలి. మాబోటివాళ్లు రాస్తే వాళ్లు గిడ్డంగులు తెరవరు.

రీలు దొరికితే ముందు స్కాన్ చేయించండి, ఇప్పటి సినిమాల్లా సెకనుకు 24 ఫ్రేముల (బొమ్మల) చొప్పున పరుగెత్తించకండి. సెకనుకు 16 ఫ్రేముల చొప్పున 17 నిమిషాలు నడిచే వెయ్యి అడుగుల రీలు అలా చేస్తే 11 నిమిషాలకే అయిపోతుంది. కూపర్ నటన గంతుల్లా కనబడుతుంది.

ఒక ఫోన్ నంబరు, తీసుకెళ్లే ఒక మనిషి, మూడు ఉత్తరాలు. ఈ వేసవి ముదరకముందే, అయ్యా.

భవదీయులు,
మూకీ చిత్రాల ప్రతుల కోసం వెతుకుతున్నవాళ్లం