నా కాలి బలాన్ని నాకే చూపించిన వైద్యులకు

గత శ్రావణమాసంలో ఒక ఉదయం బడికి బయలుదేరుతుండగా నా కుడికాలు పడిపోయింది. పక్షవాతమేమోనని ఇంట్లోవాళ్లు హడలిపోయి పట్నం తీసుకువెళితే, అక్కడ ఎమ్మారైతో సహా పరీక్షలన్నీ చేసి, రిపోర్టుల్లో ఏమీ లేదని, ఆలోచనలు తగ్గించుకోమని చెప్పి పంపేశారు. ఏమీ లేకపోతే కాలు ఎందుకు లేవడం లేదో ఎవరూ చెప్పలేదు. బదిలీ తప్పించుకోవడానికి నటిస్తున్నానని బంధువుల్లో కొందరు అన్న మాట మా అత్తగారి చెవిన కూడా పడింది.

మూడు నెలల తరువాత నన్ను చూసిన న్యూరాలజిస్టుగారు నా కుడి మడమ కింద అరచేయి ఉంచి, కిందికి నొక్కమన్నారు. నాకు చేతకాలేదు. ఆ చెయ్యి అక్కడే ఉంచి, ఎడమకాలు పైకెత్తమంటూ దాన్ని రెండో చేత్తో అదిమిపట్టారు. ఎడమకాలు ఎత్తబోయేసరికి నా కుడి మడమ తనంతట తానే ఆయన చేతిని గట్టిగా నొక్కింది! ఇది 1908లో హూవర్ అనే అమెరికా వైద్యుడు వివరించిన పరీక్ష అట. దొంగను పట్టుకున్నట్టు మాట్లాడడానికి కూడా వాడుకోగల ఆ పరీక్షతో ఆయన నాకు ధైర్యం చెప్పారు. "బలం ఉందమ్మా, కావాలని కదపబోయినప్పుడే మెదడు ఆజ్ఞ సరిగా అందడం లేదు, ఇది నటన కాదు" అన్నారు. ఫంక్షనల్ న్యూరలాజికల్ డిజార్డర్ అని జబ్బు పేరు కూడా రాసిచ్చారు. ఒకప్పుడు హిస్టీరియా అని తీసిపారేసినవాటిలో ఇదీ ఒకటి.

సైకియాట్రిస్టుగారు నా నిద్ర గురించి, నాన్నగారు పోయిన సంగతి గురించి ఓపికగా అడిగారు గానీ, జబ్బంతా ఆ దిగులు వల్లనేనని ఒక్కసారి కూడా అనలేదు. ఇద్దరు డాక్టర్లూ మాట్లాడుకుని ఒకే మాట చెప్పడం నాకు ఎంత నెమ్మదినిచ్చిందో చెప్పలేను.

ఇక ఫిజియోథెరపీ చేసిన అమ్మాయికి ప్రత్యేకంగా కృతజ్ఞతలు చెప్పాలి. కాలివైపు చూసుకుంటూ నడిస్తే తడబడేదాన్ని. వెనక్కి నడవమన్నప్పుడు, పదమూడో ఎక్కం చదువుతూ నడవమన్నప్పుడు అదే కాలు సాఫీగా కదిలేది.

సంక్రాంతి సెలవుల తరువాత మళ్లీ బడికి వెళుతున్నాను. బాగా అలసిన రోజున కాలు ఇంకా ఈడుస్తుంది, అప్పుడు కర్ర పట్టుకుంటాను. పేర్లు రాయవద్దన్నారు కాబట్టి రాయడం లేదు. డాక్టరుగారూ, ఆ రోజు మా అత్తగారిని లోపలికి పిలిచి, ఆమె అరచేతిని నా మడమ కింద పెట్టించి ఆ పరీక్ష మళ్లీ చేసినందుకు మీకు నా నమస్కారాలు.