మేవ్‌ను ‘మెడ్బ్’ చేయకండి: ఐరిష్ గాథల వ్యాసానికి కొన్ని సవరణలు

సంపాదకులకు,

మీ ఆదివారం అనుబంధంలో ఐర్లండ్ పురాణాల మీద వచ్చిన వ్యాసం గురించి ఈ ఉత్తరం. వీరగాథలు జనం నాలుకల మీద బతికాయి, కవులు వాటిని నాటకాలుగా కట్టారు, ఆ నాటకాలు చూసి కుర్రాళ్లు తుపాకులు పట్టారు, ఇదీ వ్యాసం సారాంశం. వినడానికి బాగుంది, కానీ జరిగింది ఇంత తిన్నగా లేదు. రాతప్రతి నుంచి బ్రిటిష్ పాలన మీద డబ్లిన్‌లో జరిగిన 1916 తిరుగుబాటు దాకా వచ్చేలోపు ఆ గాథ మూడు నాలుగు చేతులు మారింది. మారిన ప్రతిసారీ కొంత రాలిపోయింది.

వీటిలో పెద్దది ‘టాన్ బో కూలిన్య’. మాటకు మాట చెబితే, ఉత్తరాన అల్‌స్టర్ రాజ్యంలోని కూలిన్య అనే చోటి పశువులను తోలుకుపోవడం. విరాటపర్వంలోని గోగ్రహణం ఎరిగినవాళ్లకు ఇదేం కొత్త కాదు. దీనికి ప్రధానంగా రెండు పాఠాలున్నాయి. మొదటిదానికి పాత ఆధారం 1100 ప్రాంతపు రాతప్రతి, అదీ అసంపూర్ణం. రెండోది 12వ శతాబ్దపు లెన్‌స్టర్ గ్రంథంలో ఉంది. మీ వ్యాసకర్త అన్ని ప్రతుల్లోనూ ఉన్నట్టు చెప్పిన పడకటింటి వాదం ఈ రెండో పాఠంలోదే.

ఆ ఘట్టం ఇలా ఉంటుంది. పడమటి రాజ్యమైన కొనాట్ రాణి మేవ్, ఆమె భర్త ఐలిల్ ఎవరి ఆస్తి ఎక్కువని పంతానికి పోతారు. బిందెలు, ఉంగరాలు, బట్టలు, గొర్రెలు, గుర్రాలు, పందులు, ఆవులు అన్నీ తెప్పించి లెక్కపెడతారు. సరికి సరి. ఒక్క తెల్లకొమ్ముల ఆబోతు దగ్గర తేడా వస్తుంది. అది మేవ్ మందలో పుట్టిందే, ఆడదాని సొత్తుగా ఉండటం నామోషీ అనుకుని ఐలిల్ మందలో చేరింది. దానికి దీటైన, కూలిన్యలో ఉన్న గోధుమరంగు ఆబోతును ఏడాది అరువు అడగమని మేవ్ దూతలను పంపుతుంది. బదులుగా 50 పెయ్యలు, కొంత భూమి, 21 మంది దాసీల విలువ చేసే రథం, పైన రాణి పడకసుఖం. ఆబోతు యజమాని ఒప్పుకున్నాడు కూడా. రాత్రి విందులో తాగిన దూతలు ‘ఇవ్వకపోతే గుంజుకుపోయేవాళ్లం’ అని వాగడంతో బేరం చెడింది, యుద్ధం మొదలైంది.

ఇందులో ఇంగ్లీషువాడి ఊసే లేదు. కొట్టుకున్నవి రెండు ఐరిష్ రాజ్యాలు. అల్‌స్టర్ తరఫున ఏటి రేవులో ఒంటరిగా నిలబడ్డవాడు 17 ఏళ్ల కూ హుల్లిన్. మిగతా మగవాళ్లేమయ్యారు? పురిటినొప్పులు పడుతున్నారు. కారణం ఒక పాత శాపం. నిండు చూలాలైన మాహ అనే స్త్రీ చేత రాజు గుర్రాలతో పరుగుపందెం వేయించారు. ఆమె గెలిచి, అక్కడే కవలలను కని, ఆపద వేళ అల్‌స్టర్ మగాళ్లు 5 పగళ్లు 4 రాత్రులు కాన్పు నొప్పులు పడాలని శపించింది. ఒంటరి వీరుణ్ణి నెత్తిన పెట్టుకున్న జాతీయవాదులు ఈ శాపాన్ని పెద్దగా తలుచుకోలేదు.

ఇక చేతులు మారడం సంగతి. స్టాండిష్ ఓగ్రేడీ 1878లో ఈ వీరులను ఇంగ్లీషు వచనంలోకి తెచ్చాడు, అదీ అప్పటికే ఉన్న అనువాదాలను పట్టుకుని. ఆయన స్వయంగా బ్రిటన్‌తో కలిసి ఉండాలనే పక్షం మనిషి, ఇది వ్యాసంలో లేదు. తర్వాత 1902లో లేడీ గ్రెగొరీ తన ఊరి రైతుల ఇంగ్లీషు యాసలో కూ హుల్లిన్ కథలన్నీ ఒకచోట కూర్చింది. ‘మీకు రుచించవనిపించినవి చాలా వదిలేశాను’ అని, తన ఊరివాళ్లకు ఇచ్చిన పుస్తకం అంకితంలో ఆమే రాసుకుంది. పాత పాఠంలో ఆవేశం వస్తే కూ హుల్లిన్ ఒళ్లు చర్మం లోపలే తిరగబడుతుంది, మడమలు ముందుకొస్తాయి, ఒక కన్ను కొంగ ముక్కుకైనా అందనంత లోపలికి పోతుంది, రెండోది చెంప మీదికి వేలాడుతుంది. గ్రెగొరీ ఇలాంటి వికారాన్ని, మేవ్ నోటి పచ్చిమాటలను బాగా తగ్గించింది. పాత పాఠం మొరటుదనం చాలావరకు తిరిగి కావాలంటే 1969లో థామస్ కిన్సెల్లా చేసిన అనువాదం చూడాలి. ఈ గాథలను నాటకాలుగా కట్టిన కవి యేట్స్‌కు ఐరిష్ రాదు, ఆయన ఆధారపడింది గ్రెగొరీ లాంటివాళ్ల మీదే. తెలుగు చేయబోయేవాళ్లు ముందు ఏ పుస్తకం నుంచి చేస్తున్నారో తేల్చుకోవాలి. గ్రెగొరీని అనువదించి ‘ప్రాచీన గాథ’ అని అట్ట మీద వేస్తే పాఠకుణ్ణి మోసం చేసినట్టే.

1916 తిరుగుబాటు నాయకుల్లో ఒకడైన ప్యాట్రిక్ పియర్స్ మాత్రం ఐరిష్ చదివినవాడు. 1908లో పెట్టిన బడి హాల్లో ఆయుధం పడుతున్న బాల కూ హుల్లిన్ బొమ్మ వేయించాడు. కీర్తి నిలిస్తే చాలు, ఒక్క పగలూ ఒక్క రాత్రీ బతికినా ఫర్వాలేదన్న వీరుడి మాట దాని చుట్టూ రాయించాడు. గాథ నేరుగా కుర్రాళ్లను తాకింది ఇక్కడ, నాటకశాలలో కన్నా ఎక్కువగా.

తిరుగుబాటుదారులు స్థావరం చేసుకున్న డబ్లిన్ పెద్ద తపాలా కార్యాలయంలో రాతి స్తంభానికి కట్టుకుని ప్రాణం విడిచిన కూ హుల్లిన్ కంచు విగ్రహం సాక్షిగా తిరుగుబాటు జరిగిందని వ్యాసకర్త రాశారు. ఆలివర్ షెపర్డ్ దాన్ని తిరుగుబాటుకు ముందే చేసిన మాట నిజం, తపాలా కార్యాలయంలో పెట్టింది మాత్రం 1935లో. అదే భంగిమ బెల్‌ఫాస్ట్‌లో బ్రిటన్ పక్షపు గోడబొమ్మల్లోనూ ఉంది. వాళ్ల లెక్కలో అతడు మిగతా ఐర్లండ్ నుంచి అల్‌స్టర్‌ను కాపాడినవాడు. గాథ ప్రకారం వాళ్లది తప్పని అనలేం!

పేర్ల దగ్గరికి వస్తే, ఇంగ్లీషు అక్షరాలు చూసి చదవడం వల్లే గోల. బి పక్కన గానీ ఎం పక్కన గానీ హెచ్ ఉంటే చాలాచోట్ల వ పలుకుతుంది, అందుకే పండుగ పేరు ‘సమ్‌హెయిన్’ కాదు, సావిన్. టి పక్కన హెచ్ వస్తే ఉత్త హ. ఎస్ తర్వాత ఇ, ఐ ఉంటే ష, కాబట్టి ఐరిష్ జాతీయవాద పార్టీ పేరు షిన్ ఫేన్. సి పక్కన హెచ్ గొంతులోంచి వచ్చే ధ్వని, దానికి మనకు అక్షరం లేదు, హ రాస్తే దగ్గరగా ఉంటుంది. రాణి పేరు పాత రాతలో ‘మెడ్బ్’ అని చదివేలా ఉన్నా పలకాల్సింది మేవ్. కవి పేరు యీట్స్ కాదు, యేట్స్.

చెన్నై పాఠకులకు ఇదేమీ దూరపు గొడవ కాదు. ఎగ్మూరు కన్నెమరా గ్రంథాలయం పేరులో ఉన్న కన్నెమరా మేవ్ ఏలిన కొనాట్‌లోదే. డబ్లిన్‌లో ఈ నాటకోద్యమం తొలినాళ్లలో పనిచేసిన జేమ్స్ కజిన్స్ 1915లో ఇక్కడికొచ్చి అనీ బెసంట్ పత్రికలో చేరాడు. మరుసటి ఏడు ఐరిష్ తిరుగుబాటును మెచ్చుకుంటూ రాసినందుకు ఆ కొలువు పోయింది. ఐర్లండ్ నుంచి హోంరూల్ మాటను తెచ్చుకున్న పత్రికలోనే ఇది జరగడం విడ్డూరం. అక్కణ్ణుంచి ఆయన మదనపల్లె కాలేజీకి వెళ్లాడు. మన వి.వి.గిరి అదే కాలంలో డబ్లిన్‌లో న్యాయశాస్త్రం చదువుతూ 1916లో వెనక్కి వచ్చేశారు. రెండో భాగం వేసేటట్లయితే ఈ ఇద్దరి మీదా వ్యాసకర్త చేత రాయించండి. ఈలోగా విగ్రహం తేదీకి ఒక సవరణ వేయండి.

ఇట్లు,
ఒక పాఠకుడు,
అడయారు, చెన్నై