శాంతి స్వరూప్ గారి మీద ప్రాజెక్టుకు సాయపడిన మీ అందరికీ

నిన్న మధ్యాహ్నం ప్రాజెక్టు కాలేజీలో ఇచ్చేశాను. ఇవ్వగానే ముందుగా మీకు దండం పెట్టుకోవాలనిపించింది.

దూరదర్శన్‌లో శాంతి స్వరూప్ గారి వార్తలు చూసినవాళ్లు ఎవరైనా మాట్లాడతారా అని రెండు నెలల కిందట అడిగినప్పుడు నా దగ్గరున్నవి నాలుగు ముక్కలే. 1983 నవంబర్ 14న తెలుగులో తొలి టీవీ వార్తలు చదివింది ఆయన. 2011లో రిటైరయ్యారు. 2024 ఏప్రిల్ 5న కన్నుమూశారు. మొదటి పదేళ్లూ టెలిప్రాంప్టర్ (కెమెరా వైపే చూస్తూ చదివేలా వార్తను చూపించే తెర) లేకుండానే చదివారు. ఈ చివరి మాటను చదివానే గానీ, దాని బరువెంతో నాకు తెలియదు.

అది తెలియజెప్పింది అప్పట్లో స్టూడియోలో పనిచేసిన మేడమ్. ఫోన్లో వివరిస్తారనుకుంటే ఇంటికి రమ్మన్నారు. ఒక పేజీ వార్త చేతికిచ్చి, పది నిమిషాల తర్వాత ఫోన్ కెమెరా ఎదుట కూర్చోబెట్టారు. మూడో వాక్యానికే తల దించాను. తర్వాత ఒక ఊరి పేరు మార్చేశాను, ఒక అంకె మింగేశాను. వీడియో చూపించి, "చూడమ్మా, నువ్వు వార్త చెబుతుంటే మాకు నీ పాపిడి కనిపిస్తోంది" అన్నారు. కోప్పడలేదు. మళ్లీ చేయించారు, ఐదుసార్లు. వార్త ముందు మనకు అర్థమైతేనే గుర్తుంటుందని, అర్థమైనదాన్ని గొంతు పెంచకుండానే చెప్పవచ్చని ఆ సాయంత్రం తెలిసింది. నా ప్రాజెక్టులో బాగున్న అధ్యాయం ఏదైనా ఉంటే అది మీదే మేడమ్.

పెళ్లై చెన్నై నుంచి హైదరాబాద్ వచ్చిన అక్క చెప్పిన సంగతి కూడా మరచిపోలేను. ఆయన ఒక వాక్యం చదివి ఆగిన క్షణంలో దాన్ని తాను పైకి అనుకుంటూ తెలుగు ఉచ్చారణ దిద్దుకున్నారట. ఆగడం కూడా చదవడంలో భాగమే అని నేను రాసింది అక్క మాటల్లోంచే. 1995లో ప్రైవేటు ఛానళ్లు వచ్చేదాకా తెలుగు ఇళ్లలో టీవీ వార్తలంటే దూరదర్శనే కదా, ఎంతమంది చెవికి ఆ తెలుగు అలవాటై ఉంటుందో!

ఇక క్యాసెట్. పెళ్లి వీడియో చివర మిగిలిన టేపులో ఎప్పుడో రికార్డు చేసిన వార్తలున్నాయని పిన్నిగారు చెబితే పరుగెత్తాను. టేపు నిండా తెల్లటి బూజు. వీసీఆర్ ఇంకా పనిచేస్తున్న ఒక ఫొటో స్టూడియో అన్నయ్య దాన్ని రెండు రోజులు ఓపిగ్గా తుడిచి కంప్యూటర్లోకి ఎక్కించారు. డబ్బులు ఎంత ఇవ్వబోయినా తీసుకోలేదు. గీతలు పడినా, గొంతు మాత్రం శుభ్రంగా వినిపించింది. నేను పుట్టకముందు చదివిన వార్తల్ని నాకే చెబుతున్నట్టు విన్నాను, చాలాసార్లు.

పిన్నిగారూ, ఆదివారం క్యాసెట్ తెచ్చి ఇస్తాను. మీ పెళ్లి వీడియో కూడా మొత్తం బతికింది, పెన్‌డ్రైవ్‌లో వేసి ఉంచాను.