15 రోజుల సస్పెన్షన్‌కు 48 రోజులు: వ్యవసాయ శాఖ మంత్రి గారికి బహిరంగ లేఖ

మంత్రి గారికి నమస్కారం.

మా మండల కేంద్రంలో 19 ఏళ్లుగా ఎరువుల షాపు నడుపుతున్నాను. జూలై 3న తనిఖీ జరిగింది. రైతు వేలిముద్ర తీసుకుని అమ్మకం ఎక్కించే ఈ-పోస్ మిషన్ లెక్క కంటే గోదాములో యూరియా 11 బస్తాలు తక్కువ ఉంది. ఆ సాయంత్రమే లైసెన్సు సస్పెండ్ చేసి కాగితం చేతిలో పెట్టారు.

తక్కువ ఎందుకు వచ్చిందో దాచను. ముందురోజు సర్వర్ పనిచేయలేదు. ఆటో మాట్లాడుకుని వానలో వచ్చిన రైతులను ఉత్త చేతులతో పంపలేక, పేర్లు రాసుకుని బస్తాలు ఇచ్చాను. వేలిముద్ర లేకుండా ఇవ్వడం తప్పే. రాసి ఒప్పుకున్నాను. 266 రూపాయల 50 పైసల బస్తాను ఒక్క రూపాయి ఎక్కువకు అమ్మానని మాత్రం ఎవరూ అనలేదు, ఆ కాగితంలోనూ లేదు.

సస్పెండ్ చేసినందుకు కాదు నా బాధ. 1985 ఎరువుల నియంత్రణ ఉత్తర్వు 31వ క్లాజు మీకు తెలిసిందే. నోటీసు లేకుండా సస్పెండ్ చేస్తే, డీలరు మాట విని 15 రోజుల్లో తుది ఉత్తర్వు ఇవ్వాలి. ఇవ్వకపోతే సస్పెన్షన్ దానంతటదే రద్దయినట్టు. జూలై 18తో ఆ గడువు తీరిపోయింది. నన్ను ఒక్కసారీ పిలిచి అడగలేదు. ఈ రోజుకు 48 రోజులు. మిషన్‌లో నా లాగిన్ ఇంకా తెరుచుకోవడం లేదు.

ఆఫీసుకు వెళ్తే "సస్పెన్షన్ రద్దు చేసినట్టు ఆర్డర్ తెచ్చుకో" అంటారు. ఆ ఆర్డర్ ఇవ్వాల్సింది వాళ్లే కదా సార్! అప్పీలు చేసుకొమ్మన్నారు ఒకరు. దేని మీద చేయాలి? జూలైలోనే చెల్లకుండా పోయిన కాగితం మీదనా, ఇంతవరకు రాయని ఉత్తర్వు మీదనా? హైకోర్టులో రిట్ వేస్తే నిలబడుతుందని వకీలు గారు ధైర్యం చెబుతున్నారు. కానీ రేపు మళ్లీ ఈ ఆఫీసు కిందే షాపు నడపాలి. కోర్టుకెక్కాడన్న పేరు పడితే ఇంకెన్ని తనిఖీలో అని ఇంట్లో టెన్షన్.

వానాకాలం పంట మా కోసం ఆగదు. వరి పిలకలు వేసేటప్పుడే నా షాపు షట్టర్ దించి ఉంది. మా ఊరి రైతులు పొద్దున 5 గంటలకే సొసైటీ ముందు పాసుపుస్తకాలు పెట్టి నిలబడ్డారు. నా గోదాములో యూరియా చెమ్మకు గడ్డకట్టింది. కంపెనీకి కట్టాల్సిన డబ్బు అలాగే ఉంది. ఉద్దర తీసుకున్నవాళ్లను అడగడానికి నోరు రావడం లేదు, ఈసారి వాళ్లకు నేను బస్తా ఇవ్వలేదు కదా. ఇద్దరు హమాలీలు వేరే పనికి పోయారు.

మూడు సోమవారాలు ప్రజావాణిలో అర్జీ ఇచ్చాను. మూడు రసీదులున్నాయి.

దయచేసి నా లాగిన్ తెరిపించండి. తెరవకూడదనుకుంటే ఎందుకు తెరవరో కాగితం మీద రాసి ఇప్పించండి. తప్పుకు జరిమానా వేసినా కడతాను. ఏదో ఒకటి రాసి ఇప్పించండి సార్, రెండో దఫా యూరియా వేసే రోజులైనా దాటిపోకముందే.

ఇట్లు,
ఒక ఎరువుల డీలరు