డీఎల్‌ఎల్ ఫైలు కనబడకపోతే నెట్‌లో వెతకాలా?

ఎడిటర్ గారికి, నమస్కారం.

మీ కంప్యూటర్ చిట్కాల శీర్షికలో ఒక పాఠకుడు ‘ఎంఎస్‌వీసీపీ140.డీఎల్‌ఎల్ మిస్సింగ్ అని వస్తోంది, ఏం చేయాలి?’ అని అడిగారు. ఆ పేరు గూగుల్‌లో కొట్టి, ఫైలు డౌన్‌లోడ్ చేసి, విండోస్ సొంత ఫైళ్లుండే సిస్టమ్32 ఫోల్డర్‌లో వేయమని జవాబిచ్చారు. దయచేసి ఆ జవాబు సవరించండి. నేను ఒక కాలేజీలో కంప్యూటర్ ల్యాబ్ చూసుకుంటాను. ఇలా బయటి నుంచి తెచ్చిన ఫైళ్లతో మొరాయించే మెషిన్లను బాగుచేయడం నాకు మామూలైపోయింది.

డీఎల్‌ఎల్ అంటే చాలా సాఫ్ట్‌వేర్లు కలిసి వాడుకునే కోడ్ ఫైలు. దాదాపు ప్రతిదానికీ ఓ ఇంటిపేరు ఉంటుంది, అది పట్టుకుంటే సగం పని అయినట్టే. ఎంఎస్‌వీసీపీ, వీసీరన్‌టైమ్ అని మొదలైతే అది విజువల్ సీ ప్లస్‌ప్లస్ రీడిస్ట్రిబ్యూటబుల్ ప్యాకేజీది, అంటే ఆ భాషలో రాసిన సాఫ్ట్‌వేర్లు నడవడానికి మైక్రోసాఫ్ట్ ఇచ్చే ఫైళ్ల కట్ట. పేరు చివరి సంఖ్య చూస్తే ఏ వెర్షనో తెలుస్తుంది: 100 అయితే 2010, 110 అయితే 2012, 120 అయితే 2013. 140 దగ్గర మాత్రం లెక్క మారింది. 2015 నుంచి 2022 దాకా అదే సంఖ్య, అన్నింటికీ ఒకే ప్యాకేజీ. ఆ పాఠకుడు మైక్రోసాఫ్ట్ సైటు నుంచి దాన్ని వేసుకుంటే సరిపోయేది. డీ3డీఎక్స్9 అని కనబడితే గేముల గ్రాఫిక్స్‌కు వాడే పాత డైరెక్ట్‌ఎక్స్‌ది, పాత గేములు అడుగుతాయి. కెర్నల్32, యూజర్32 లాంటివి విండోస్ సొంతం, వాటిని సరిచేయడానికి ఎస్ఎఫ్‌సీ స్కాన్‌నౌ కమాండ్ ఉంది. ఇవేవీ కాకపోతే చాలావరకు ఆ సాఫ్ట్‌వేర్‌తో వచ్చిందే అయి ఉంటుంది, దాన్నే మళ్లీ ఇన్‌స్టాల్ చేయాలి. డెబియన్, ఉబుంటు లాంటి లినక్స్ వాడేవాళ్లు అదృష్టవంతులు, ఫైలు ఏ ప్యాకేజీదో ఒక్క కమాండ్‌తో సిస్టమే చెప్పేస్తుంది. విండోస్‌లో ఆ సుఖం లేదు.

పైగా మీరు చెప్పిన ఫోల్డరే అందరికీ పనికిరాదు. 64 బిట్ విండోస్‌లో సిస్టమ్32లో ఉండేవి 64 బిట్ ఫైళ్లు. 32 బిట్‌వి సిస్‌వావ్64లో ఉంటాయి. పేర్లు తిరగేసి పెట్టారేమో అనిపిస్తుంది కానీ నిజం అదే. ఒకదాని చోట ఇంకోటి పెడితే పాత ఎర్రర్ పోయి కొత్తది వస్తుంది, టెన్షన్ రెట్టింపు.

నన్ను అన్నిటికన్నా భయపెట్టేది వేరే ఉంది. చాలా డీఎల్‌ఎల్‌ల కోసం సాఫ్ట్‌వేర్ ముందు తన సొంత ఫోల్డర్‌లోనే వెతుక్కుంటుంది, ఆ తర్వాతే సిస్టమ్32కి వెళ్తుంది. వైరస్‌లు రాసేవాళ్లకు ఈ సంగతి బాగా తెలుసు, అసలు ఫైలు పేరుతోనే దొంగ ఫైలును ఆ సాఫ్ట్‌వేర్ ఫోల్డర్‌లో పెడతారు. ఈమధ్య మా ల్యాబ్‌లో ఒక పీడీఎఫ్ సాఫ్ట్‌వేర్ ఫోల్డర్‌లో వెర్షన్.డీఎల్‌ఎల్ కనబడింది. ఆ పేరుతో విండోస్‌కు అసలు ఫైలు ఉంది, అది ఉండాల్సింది సిస్టమ్32లో. రైట్ క్లిక్ చేసి ప్రాపర్టీస్‌లో డీటెయిల్స్ చూస్తే కంపెనీ పేరు ఖాళీ, వివరణ ఖాళీ. ఫైలు ఎవరిదో రుజువుచేసే సంతకం చూపించే డిజిటల్ సిగ్నేచర్స్ ట్యాబే లేదు. నెట్ వైరు పీకి, ఆ మెషిన్‌ను మొత్తం ఫార్మాట్ చేశాను. అయితే ఒక మాట: ఆ ట్యాబ్ లేనంత మాత్రాన దొంగ ఫైలని కంగారు పడొద్దు. విండోస్ సొంత ఫైళ్లు చాలావాటికి సంతకం వేరే కేటలాగ్ ఫైల్లో ఉంటుంది. మైక్రోసాఫ్ట్ వాళ్లే ఉచితంగా ఇచ్చే సిగ్‌చెక్ అనే టూల్‌తో చూస్తే అదీ తేలిపోతుంది. నడుస్తున్న సాఫ్ట్‌వేర్ ఏయే డీఎల్‌ఎల్‌లు వాడుతోందో వాళ్లదే ప్రాసెస్ ఎక్స్‌ప్లోరర్ అనే ఇంకో టూల్ చూపిస్తుంది.

దీనికి తిరగేసిన పొరపాటూ ఒకటుంది. కంట్రోల్ ప్యానెల్‌లో విజువల్ సీ ప్లస్‌ప్లస్ అని ఏడెనిమిది వరుసలు కనబడితే ‘ఒకటే ఇన్నిసార్లు ఎందుకు’ అని పాతవన్నీ తీసేసేవాళ్లున్నారు. 2010ది తీసేస్తే దాని మీద ఆధారపడ్డ సాఫ్ట్‌వేర్‌కు 2013ది పనికిరాదు. అవి ఉండనివ్వండి.

మీ సలహా చూసి ఇప్పటికే ఫైలు తెచ్చి పెట్టుకున్నవాళ్లు ముందు దాన్ని తొలగించి, యాంటీవైరస్‌తో ఫుల్ స్కాన్ చేసి, ఆ తర్వాతే అసలు ప్యాకేజీ వేసుకోవాలి. ఈ ముక్క కూడా సవరణలో కలపండి. ఇకపై ఇలాంటి ప్రశ్నలు పంపేవాళ్లను ఫైలు పూర్తి పేరు, ఎర్రర్ ఇచ్చిన సాఫ్ట్‌వేర్ పేరు, అది 32 బిట్టో 64 బిట్టో రాయమని అడిగితే మీ పనీ తేలికవుతుంది.

ఇట్లు,
ఒక కంప్యూటర్ ల్యాబ్ నిర్వాహకురాలు