కాగితం ఎవరు చూపించాలి, మంత్రి గారూ?

ఆంధ్రప్రదేశ్ గిరిజన సంక్షేమ శాఖ మంత్రి గారికి,

నమస్కారం. ఏజెన్సీ ఊళ్ల నుంచి భూమి తగాదాలతో దిగి వచ్చేవాళ్లకి అర్జీలు రాసిపెడుతుంటాను. రాశాక వాళ్లతో పాటు ఆఫీసుకి వెళ్లి వరండాలో నిలబడటం కూడా ఆ పనిలో భాగమే. అలా నిలబడి చూసిన ఒక సంగతి మీకు చెప్పాలి.

మొన్న వేసవిలో కొండదొర తెగకి చెందిన ఒక అవ్వని వెంటబెట్టుకుని వెళ్లాను. డెబ్భై దాటిన మనిషి. చేతిలో పాలిథిన్ కవరు. అందులో రేషన్ కార్డు, ఆధార్ జిరాక్సు, ఎప్పుడో వానకి తడిసి ఒకదానికొకటి అతుక్కుపోయిన రెండు రసీదులు. కొండ కింద వాళ్లకి రెండెకరాల చెక్క ఉండేది. ఆవిడ మావగారు అప్పు కింద దాన్ని ఒక షావుకారుకి వదిలేశాడు. ఆ అప్పు ఎంతో చెప్పగలిగిన మనిషి ఇప్పుడు ఊళ్లో లేడు. షావుకారు మనవళ్లు అందులో జీడితోట వేసుకున్నారు.

ఆఫీసులో అడిగిన మొదటి మాట, "నీ భూమే అనడానికి రుజువేంటమ్మా?"

"గట్టు మీద చింతచెట్టు మా మావ నాటిందే బాబూ. ఆయన్ని పాతిపెట్టింది కూడా దాని కిందే."

"చెట్టు కాదమ్మా, కాగితం." ఆ ఉద్యోగి కసురుకోలేదు, మర్యాదగానే చెప్పాడు. అవ్వ కవరు ముడి విప్పి, మళ్లీ కట్టేసుకుంది.

మంత్రి గారూ, అడగాల్సిన మనిషిని వదిలేసి అడగకూడని మనిషిని అడిగారు. గిరిజనుల భూమి బయటివాళ్ల చేతికి పోకుండా పెట్టిన 1959 నాటి భూబదలాయింపు నిబంధనలని 1970లో ఒకటో నిబంధనతో సవరించారు కదా, ఏజెన్సీలో అందరూ వన్ సెవెంటీ (1/70) అనేది దాన్నే. షెడ్యూల్డ్ ప్రాంతంలో గిరిజనేతరుడి చేతిలో భూమి కనిపిస్తే, అది గిరిజనుడి దగ్గర్నుంచి వచ్చిందనే ముందుగా అనుకోవాలని అందులో రాసి ఉంది. కాదంటే రుజువు చేసుకోవాల్సింది ఆ గిరిజనేతరుడే. అంటే కాగితం జీడితోట వాళ్లు తేవాలి. అంతేకాదు, ఎవరూ అర్జీ పెట్టకపోయినా అధికారి తనంతట తాను కేసు చేపట్టవచ్చు. ఈ సవరణ చెల్లుతుందని సుప్రీంకోర్టు 1988లోనే చెప్పేసింది. చట్టాన్ని ఉన్నది ఉన్నట్టు నడిపితే ఆ అవ్వ మూడు బస్సులు మారి రావాల్సిన పనే లేదు.

"మేం ఎప్పుడో, చట్టం రాకముందే కొన్నాం" అంటారు అవతలి వాళ్లు. ఎంత ముందు? ఏజెంటు, అంటే ఏజెన్సీలో ప్రభుత్వం తరఫున ఉండే అధికారి, అనుమతి లేకుండా కొండజాతుల భూమి బయటివాళ్లకి మారితే చెల్లదని మద్రాసు ప్రభుత్వం 1917లోనే చట్టం చేసింది. తెల్లవాళ్లకి ఆదివాసుల మీద ప్రేమ కారిపోయి కాదులెండి, తిరుగుబాట్లంటే భయం. ఏమైనా చట్టం చట్టమే.

కేసు గెలిచినా కథ అయిపోదు. స్పెషల్ డిప్యూటీ కలెక్టర్ కోర్టులో ఆర్డరు వస్తుంది. దాని మీద ఏజెంటు దగ్గర అప్పీలు. అక్కడా ఓడితే ప్రభుత్వం దగ్గర రివిజన్, మధ్యలో స్టే. నాకు తెలిసిన ఒక ఊళ్లో పొద్దున పంచనామా చేసి భూమి అప్పగించినట్టు సంతకాలు తీసుకున్నారు. సాయంత్రానికి అదే షావుకారు ట్రాక్టరు అదే మడిలో తిరుగుతోంది. రికార్డులో మాత్రం ఆ భూమి "స్వాధీనపరచబడినది".

అడవి భూమి దగ్గరికొస్తే ఆఫీసు మారుతుంది, ప్రశ్న మారదు. అటవీ హక్కుల చట్టం 2006లో వచ్చింది. దాని నియమాల్లో ఏవేవి సాక్ష్యమో వరసగా రాశారు: ఊరి పెద్దలు చెప్పింది రాసుకున్న వాంగ్మూలం, వేసిన గట్లు, పాత బావులు, శ్మశానాలు, పూజలు చేసే చోట్లు. చదువుతుంటే ఎవరో కొండ మీద కూర్చుని రాసినట్టుంటుంది. అవ్వ చెప్పినలాంటి సమాధి ఆ చట్టం కింద సాక్ష్యమే. శాటిలైట్ ఫొటో తోడుగా వాడుకోవచ్చు గానీ మిగతా సాక్ష్యాల బదులు అదొక్కటే చాలదని 2012లో స్పష్టం చేశారు కూడా. మరి నేను రాసిన అర్జీల్లో చాలావాటికి నోటిమాటగా వచ్చిన జవాబు, "శాటిలైట్‌లో కనబళ్లేదు". అర్జీ తోసేస్తే కారణం రాసి ఇవ్వాలి. అది అందాక అప్పీలుకి 60 రోజుల గడువు. కారణమే రాసివ్వకపోతే ఆ 60 రోజులు ఏ రోజు నుంచి లెక్కపెట్టుకోవాలి? 2019 ఫిబ్రవరి 13న, దరఖాస్తులు తిరస్కరణకి గురైనవాళ్లని ఖాళీ చేయించమని సుప్రీంకోర్టు ఆదేశించింది. ఆ నెల 28న ఆ ఆదేశాన్ని తనే ఆపింది. ఆ పదిహేను రోజులు మా ఊళ్లలో ఎవరికీ నిద్ర లేదు.

న్యూజీలాండ్‌లో 1840లో మావోరీలకీ బ్రిటిష్ రాణికీ మధ్య వైతాంగి ఒప్పందం రాసుకున్నారు. ఇంగ్లిషు ప్రతికీ మావోరీ ప్రతికీ అర్థం కలవక ఇప్పటికీ వాదించుకుంటున్నారు. ఇక్కడి ఏజెన్సీకి అలాంటి ఒప్పందం లేదు. ఉన్నదల్లా గిరిజన ప్రాంతాల పాలన గురించి చెప్పే రాజ్యాంగం ఐదో షెడ్యూలు, దాని నీడన నిలబడ్డ ఈ నిబంధనలు. అవి ప్రభుత్వానికీ వర్తిస్తాయని, షెడ్యూల్డ్ ప్రాంతంలో సర్కారు భూమినైనా గిరిజనేతర కంపెనీలకి గనుల లీజుకి ఇవ్వకూడదని 1997లో సమత అనే స్వచ్ఛంద సంస్థ వేసిన కేసులో సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. బొర్రా, అనంతగిరి గనుల తగాదా నుంచి వచ్చిన తీర్పు అది. ప్రభుత్వం ఆ మాటకి కట్టుబడితే చాలు, ఒప్పందం లేని లోటు గురించి మేం ఎక్కువ మాట్లాడం.

కొత్త చట్టం అడగడం లేదు. వన్ సెవెంటీ కేసుల్లో మొదటి నోటీసు భూమి అనుభవిస్తున్న గిరిజనేతరుడికి వెళ్లాలని, రుజువు అతన్నే అడగాలని ఒక్క సర్క్యులర్ ఇప్పించండి. ప్రభుత్వం దగ్గర పెండింగ్‌లో ఉన్న రివిజన్లు ఎన్నో, అందులో స్టేలు ఎన్నేళ్లవో బయట పెట్టండి. ఆ ఫైళ్లు ఉన్నది సచివాలయంలోనే, కొండ ఎక్కాల్సిన పని లేదు. అడవి దరఖాస్తు తోసేసిన ప్రతిచోటా కారణం తెలుగులో రాసి, ఆ మనిషి చేతికే ఇవ్వమనండి.

అవ్వ కేసుకి వచ్చే నెల మళ్లీ వాయిదా ఉంది. ఈసారి ఊరి పెద్దలు ఇద్దరు వస్తామన్నారు, చింతచెట్టు ఫొటో కూడా తీయించాం. ఫొటో కాగితమే కదా అని అవ్వ నన్నడిగింది.

ఇట్లు,
అర్జీలు రాసే ఒక మనిషి